లెక్కలని పంపిన ఆటలు

జమ్మలమడుగు,
1957 ఫిబ్రవరి 11

ప్రియమైన గౌసు మామకు,

సంజీవయ్య నమస్కారాలు. ఆదివారం పొద్దుటూరుకు వస్తానని రాలేకపోయినా, కోపం పెట్టుకోవద్దు. బళ్లో పరీక్ష పేపర్లు దిద్దేది తలకు మించిపోయింది.

అసలు సంగతి విను. పోస్టు కార్డుల మీద చదరంగం ఆడే పోటీ ఒకటి పెడతాండారు. కార్డుకు ఒక ఎత్తు. హాలండాయనతో ఒక ఆట, యుగోస్లావియా ఆయనతో ఒకటి, స్వీడనాయనతో ఒకటి. ఏడాదికి పైనే పడుతుందంట. పరుపు కుట్టుకుంటా, తలెత్తకుండా, నోటితోనే ఎత్తులు చెప్పి నువ్వు నన్ను ఎన్నిసార్లు ఓడించినావు! ఆ దొరలను కూడా ఒక చూపు చూస్తామా?

మన నాటాటకూ, అదే మన ఊర్ల నాటు చదరంగానికీ, వాళ్లాటకూ తేడాలుండాయి. వేరే కాగితం మీద రాసి పెట్టినా, చదువుకో. నేను చదరంగం పలక బొమ్మ గీసి పంపుతా, నువ్వు ఎత్తు చెప్పు. కార్డు రాసేది నా పని. అదంతా ఇంగ్లీషు యవ్వారం, నీకెందుకు ఆ తలనొప్పి. పేర్లు మాత్రం ఇద్దరివీ పెడతా.

నీ
సంజీవయ్య

ప్రొద్దుటూరు,
1957 ఫిబ్రవరి 15

ప్రియమైన సంజీవప్పకు,

గౌసు సలాములు. నీ జాబు మా ఇంటామె షాహీదాబీకి చదివి వినిపిస్తే, "ముద్దనూరు దాటనోడివి, నీకు హాలండా?" అని ఒకటే నగు. నగనీలే. దూది ఏకతాన్నా నాకు అదే యోచన. మా నాయన జీవితమంతా దూది ఏకి ఏకి పోయినాడు, ఆయప్ప పేరు ఈ ఊరి పొలిమేర దాటలా. నా పేరు యాడనో సముద్రాల అవతల ఒకడు కూడబలుక్కోని చదువుతాడంటే, నిజం చెప్తాండా అప్పా, ఒళ్లు జలదరిస్తాంది.

మొదటి ఎత్తు, రాజు ముందరి బంటు రెండిళ్లు తోయి. మన ఆటలో ఒక్క ఇల్లే గదా, ఈ రెండిళ్ల సంగతి నాకు శానా నచ్చింది.

నువ్వు లేకుంటే నాకు ఈ దారి యాడ తెలిసేది?

నీ
గౌసు

జమ్మలమడుగు,
1957 జూన్ 20

ప్రియమైన గౌసు మామకు,

ఎట్ల రాయాల్నో తెలియడంల్యా. మనల్ని పోటీలోనుంచి తీసేసినారు.

హాలండు ఆటలో పోయిన తూరి నువ్వు రాజును గుర్రం మాదిరి దుమికించినావు. మన నాటాటలో షా, వాళ్లు చెక్కు అంటారే అది, తగలకముందు రాజు ఒక్కసారి అట్ల దుమకొచ్చు. వాళ్లాటలో చెల్లదు. నేను కూడా చూసుకోకుండా పంపేసినా. చెల్లని ఎత్తు వేసినారని మూడు ఆటలూ కొట్టేసినారు. నీ తప్పని నేను అనను మామా. అలవాటు, అంతే.

బాధపడొద్దు.

నీ
సంజీవయ్య

ప్రొద్దుటూరు,
1957 జూన్ 24

ప్రియమైన సంజీవప్పకు,

నాలుగు దినాలుగా అన్నం సయించడంల్యా. నువ్వు కాగితం మీద స్పష్టంగా రాసి ఇచ్చినావే, రాజుకు దుముకు లేదని! చదివినా గదా. చెయ్యి పాత అలవాటుకు పోయింది. నా మొండితనంతో నీ పేరు కూడా చెడగొట్టినా. బళ్లో నలుగురికీ చెప్పుకోని ఉంటావు, ఇప్పుడు ఏం మొగం పెట్టుకోని తిరుగుతాండావో.

ఎప్పుడూ నాతో ఆడే అమీర్ బాషా వాళ్లు అంగడి కాడికి వచ్చి ఆటకు రమ్మంటే, నాకు రాదు పొండప్పా అని పంపించేసినా. పలక తీసి అటక మీద పెట్టేసినా. నన్ను క్షమించు.

గౌసు

జమ్మలమడుగు,
1957 జూలై 9

ప్రియమైన గౌసు మామకు,

అదేం మాట మామా! మన మధ్య క్షమాపణలేంది? పలక కిందికి దించు. నా దగ్గర ఒక పుస్తకముంది, దాంట్లో బొమ్మ చూసి ఎత్తు కనుక్కునే చదరంగం లెక్కలుండాయి. అప్పుడప్పుడూ ఒకటి గీసి పంపుతా. పోటీ లేదు, ఓడేది లేదు. ఊరికే నీ మనసు కుదుటపడేదానికి. జవాబు మాత్రం మరు టపాకే రాయి. తెలుసుకోవాలని నాకు ఆత్రం ఎక్కువ.

నీ
సంజీవయ్య

ప్రొద్దుటూరు,
1957 డిసెంబరు 2

ప్రియమైన సంజీవప్పకు,

పదకొండో లెక్కకు జవాబు: మంత్రిని ఇచ్చేయి. అవును, ఇచ్చేయి. వాడు తింటాడు. తిన్నాక గుర్రం షా, ఏనుగు షా, ఆట కట్టు. ఈ పుస్తకం రాసినాయప్ప గట్టోడు, ఒక్కో లెక్క మునుపటిదానికి కొనసాగింపు మాదిరే ఉంటాది.

బయట ఎవురితోనూ ఆడడంల్యా. సిగ్గు ఇంకా పోలేదు. నువ్వు పంపే ఈ లెక్కలొక్కటే నాకు ఊరట. నీకు ఇంత ద్రోహం చేసిన నన్ను ఇంకా మామా అంటాండావే, నీది దొడ్డ మనసప్పా.

నీ
గౌసు

పులివెందుల,
1958 మే 18

సంజీవయ్యకు,

పెండ్లోళ్లింట్లో పరుపులు కుట్టేదానికి నేను ఈడికి వచ్చినా. నిన్న సాయంత్రం గ్రంథాలయం ముందర మైకు మోగతాంటే పోయి నిలబడినా. నీకు సన్మానమంట. నువ్వు నన్ను చూడలా, నేను వెనకాల ఉండాను.

గోడకు పెద్ద పలక కట్టి, హాలండాయనను నువ్వు కట్టేసిన ఆట పెట్టినారు. మంత్రిని ఇచ్చేసి, గుర్రం షా, ఏనుగు షా. అది పదకొండో లెక్క గదరా!

నువ్వు పోయినాక లోపలికి పోయినా. బల్ల మీద దేశాల కార్డులు పరిచినారు. గ్రంథాలయం చూసుకునే హబీబుల్లాను అడిగితే చెప్పినాడు, రెండు ఆటలు గెలిచినావంట, స్వీడనుతో ఇంకా నడుస్తాండాదంట. ఆ కార్డుల మీద ఇంగ్లీషు యాడుంది? ఎత్తుకు నాలుగు అంకెలు, అంతే గదా! ఏ ఇంటినుంచి ఏ ఇంటికి అని. నాకు అంకెలు రావా సంజీవయ్యా?

రాజు దుముకు సంగతి అబద్ధమా? ఉన్నదున్నట్టు రాయి.

గౌస్ మొహిద్దీన్

జమ్మలమడుగు,
1958 మే 23

ప్రియమైన గౌసు మామకు,

నీకు మొగం చూపించలేను. అందుకే రాస్తాండా.

ఆ దుముకు నేను పంపనే లేదు. తప్పని చూసి, దిద్ది, వేరే ఎత్తు పంపినా. ఎవురూ మనల్ని తీసెయ్యలా. దరఖాస్తులో పేరుకు ఒకటే గీత ఉన్నింది, నాది రాసినా. నీకు చెప్దాం చెప్దాం అనుకుంటాంటే హాలండాయన నన్ను మాస్టరు గారూ అని రాసినాడు. బళ్లో అందరూ లేచి నిలబడినారు మామా. ఇరవై ఏండ్లలో నన్ను చూసి ఎవురూ అట్ల లేచింది లేదు. అప్పుడే నీ దుముకు చేతికొచ్చింది. సాకు దొరికింది.

చెప్పుతో కొట్టు, పడతా. కానీ స్వీడను ఆట ఒక్కటి ముగించు. కింద బొమ్మ గీసినా. నాకేం తోచడంల్యా. ఇది గెలిస్తే మొదటి బహుమానం, మద్రాసుకు పిలుస్తారు. ఈ తూరి వేదిక మీద నీ పేరు నేనే చెప్తా. ఒక్క ఎత్తు మామా. గడువు వారమే ఉంది.

నీ
సంజీవయ్య

ప్రొద్దుటూరు,
1958 మే 27

సంజీవయ్య గారికి,

పేరు పెట్టలేదని నాకు కోపముంది. అయినా అది మింగుకుందును. నిన్ను చూసి జనం లేచి నిలబడినారంటే, నాకు ఒక్క మాట చెప్పింటే, నేను కూడా లేచి నిలబడేవాణ్ని. నీకోసం నోరు మూసుకోని ఎత్తులు రాసేవాణ్ని. అంత ఇష్టం నువ్వంటే.

కానీ నువ్వు నన్ను తప్పు చేసినోణ్ని చేసినావు. పదకొండు నెలలు నా ఊర్లో నేను తలొంచుకోని తిరిగినా. దోస్తు పరువు తీసినానని నమాజులో కూడా ఏడ్చినా. ఆ ఏడుపు జాబులు చదివి, మడిచి పెట్టి, కింద ఇంకొక లెక్క గీసినావే! నీకు చెయ్యెట్ల ఆడింది?

నీ బొమ్మ చూసినా. ఎత్తు ఉంది. ఏనుగును పోగొట్టుకుంటే మూడో ఎత్తుకు ఆట కట్టు. ఏ ఇంటినుంచి ఏ ఇంటికో మాత్రం నీకు చెప్పను.

పులివెందులలో బల్ల మీద స్వీడనాయన కార్డు చూసి హబీబుల్లాతో చిరునామా రాయించుకోని వచ్చినా. నిన్న మళ్లీ పులివెందులకు పోయి, కార్డు కొని నాలుగు అంకెలూ నేనే వేసినా. కింద తెలుగులో నా పేరు రాసినా. హబీబుల్లా ఇంగ్లీషులో ఒక్క ముక్క కలిపినాడు, ఈ ఆట మొదటినుంచీ ఆడింది ఈయనే అని. ఆట కొట్టేస్తారో, ఓడినట్టే రాసుకుంటారో వాళ్ల ఇష్టం. నాకు బహుమానం వద్దు. తనను కట్టేసినోడు ఎవుడో ఆయనకు తెలిస్తే చాలు.

కార్డు టపాలో వేసినాకే ఈ జాబు రాస్తాండా. నీకు మళ్లీ రాయను.

ఇట్లు,
దూదేకుల గౌస్ మొహిద్దీన్