తాడు పట్టిన చెయ్యి

నౌపడ,
1968 డిసెంబరు 15

నాన్నగారికి, కోపంతో ఉన్నా కాళ్లకు దండం పెట్టడం మానని మీ దాలమ్మ రాస్తున్నది.

మొన్న మానవ హక్కుల దినం నాడు శ్రీకాకుళంలో మీరు చేసిన ఉపన్యాసానికి చప్పట్లు ఆగలేదని తమ్ముడు రాశాడు. "హక్కు ఒకరు ఇచ్చేది కాదు. పుట్టుకతో వచ్చేది. రాజు ఇవ్వలేదు గనుక రాజు లాక్కోలేడు" అన్నారట. నాకు ఎంత గర్వమేసిందో చెప్పలేను. ఆ మాటలు నల్లబల్ల మీద రాసి, మా నాన్న అన్నారని పిల్లల చేత చదివించాను. ఆ సాయంత్రమే బెస్తపేట గున్నమ్మ బడి దగ్గరకు వచ్చి, "పంతులమ్మా, మామీద దావా ఏసిన ఉప్పు కంట్రాటరు గణపతిరావుకి పిలీడరు మీ నాన్నేనట, నిజమేనేటి?" అంది. నల్లబల్ల తుడిచేశాను.

కేసు మీకు తెలిసిందే అయినా, ఇక్కణ్ణుంచి అది ఎలా కనబడుతుందో చెప్పనివ్వండి. ఉప్పు మడులకూ సముద్రానికీ మధ్య ఉన్న ఇసుక తన కౌలులోదే, బెస్తవాళ్లు అక్కడ కాలు పెట్టకూడదు అంటాడు మీ గణపతిరావు. పడవలు నిలిపేది ఆ ఇసుక మీద. వల ఆరేసేది అక్కడ. పెద్దవల లాగేది అక్కడే. అది పోతే వీళ్లు సముద్రాన్ని చూస్తూ పస్తుండాలి. పెద్దవల సంగతి దసరాకు వచ్చినప్పుడు మీకు చెప్పాను కదా. పడవ వలను సముద్రంలో చుట్టి వస్తుంది, రెండు కొసల తాళ్లూ ఒడ్డుకు చేరతాయి, ఇక ఊరంతా లాగడమే. తాడు పట్టిన ప్రతి చెయ్యికీ చేపల్లో వాటా ఉంటుంది. దారిన పోయేవాడు వచ్చి పట్టినా సరే, నువ్వెవరని అడగరు. ఇంతకన్నా పుట్టుహక్కు ఎక్కడుంది నాన్నా? మీరు చదివిన లావుపాటి పుస్తకాలన్నీ చెప్పేది ఇదే కదా?

ఆ దావా వదులుకోండి. వదులుకోకపోతే కోర్టులో నేను వాళ్ల వెనక బల్ల మీద కూర్చుంటాను.

మీ కూతురు,
దాలమ్మ


నౌపడ,
1969 ఫిబ్రవరి 9

నాన్నగారికి,

క్షేమమా అని అడగను. మొన్న కోర్టులో చూశాను, బాగానే ఉన్నారు. మీరే నన్ను చూడలేదు.

"కేసు వేరు, నమ్మకం వేరు. ఆచారాన్ని చూసి మురిసిపోకు, ఆచారం బలవంతుడి చేతిలో కర్ర" అని జవాబు రాశారు. సరే, మీ వృత్తి అది అనుకుని సర్దుకుందామనుకున్నాను. కానీ కులపెద్ద గంగులును బోనులో నిలబెట్టి మీరడిగిన ప్రశ్న విన్నాక నా కడుపు మండిపోయింది. "ఈ హక్కు మీకు ఎవరిచ్చారు? కాగితముందా?" అన్నారు. లేదన్నాడు. "ఏటేటా మొదటి వల చేపలు గణపతిరావు గారింటికి పంపుతారా లేదా?" అన్నారు. "పంపుతాం బాబూ, మరియాదకి" అన్నాడు పాపం. "మర్యాద సంగతి అడగలేదు, అవునా కాదా?" అని గద్దించారు. అవునన్నాడు. "అంటే ఆ ఇసుకకు కట్టే కౌలు అదే, చిత్తగించండి" అని జడ్జీ మునసబుగారి వైపు తిరిగారు. మొదటి వల చేపలు ఇంటింటికీ పంచడం వీళ్లకు మంచి శకునం. అది మెడకు చుట్టుకుంటుందని ఎవరు మాత్రం అనుకుంటారు?

ఆ చేపల సంగతి మీకు ఎవరు చెప్పారు నాన్నా? నేను. దసరాకు మనింట్లో, భోజనాల దగ్గర, అమ్మ వడ్డిస్తుంటే, ఈ మనుషులు ఎంత మంచివాళ్లో మీకు తెలియాలని చెప్పాను. ఆ మాటను జాగ్రత్తగా దాచి, పదునుపెట్టి, నా కళ్లముందే వాళ్ల మీదికి తీశారు. దావా వేసినందుకు కాదు, నా కోపం దీనికి. ఇంట్లో కూతురు చెప్పిన మాట కూడా క్లయింటుదేనా? ఆ రోజు నుంచీ నాకు అన్నం సయించడం లేదు.

గున్నమ్మ లేవకపోతే ఏమయ్యేదో! వెనకనుంచి లేచి, "ఓ పిలీడరు బాబూ! దసరాకి మీ ఇంటికీ బుట్టెడు సేపలు పంపినాం గదా, మీ గుంట, ఈ పంతులమ్మ సేతికిచ్చి. అయితే సీకాకులంలో మీ ఇల్లు మాకు కౌలుకిచ్చీసినట్టేనేటి?" అంది. కోర్టు హాలంతా గొల్లుమంది. మునసబుగారు ముందు కసిరారు, తర్వాత నవ్వాపుకుని ఆమెను బోనెక్కమన్నారు. బోనులో అదరలేదు, బెదరలేదు. మీరు మెడ వంచుకుని కాగితాలు తిరగేశారు. ఆ క్షణంలో మిమ్మల్ని చూసి జాలి పడాల్సింది. పడలేదు.

మీ ఎదుటి పక్షం బల్ల మీద కూర్చున్న,
దాలమ్మ


నౌపడ,
1969 ఏప్రిల్ 20

నాన్నగారికి, ఈసారి కాళ్లకు దండం మనస్ఫూర్తిగానే పెడుతున్నాను, కోపం తగ్గి మాత్రం కాదు.

గణపతిరావు అడిగిన ఆర్డరు మునసబుగారు ఇవ్వలేదు. మీకు తెలిసిందే. ఇసుక వీళ్లకు దక్కింది. పేటలో డప్పులు మోగాయి. ఆ డప్పుల మోత ఆరకముందే గంగులు పంచాయితీ పెట్టి గున్నమ్మను వెలివేశాడు. నేను తప్పు విన్నానేమో అనుకున్నాను. పెద్ద మాట్లాడుతుంటే ఆడది లేచిందట, పదిమంది మగాళ్ల ముందు బోనెక్కిందట, కులం పరువు తీసిందట. ఏ నోటి వల్ల ఇసుక దక్కిందో ఆ నోటితో ఎవరూ పలకకూడదు. బావి దగ్గర ఆమె చేద ముట్టకూడదు. అన్నిటికన్నా ముఖ్యం, పెద్దవల తాడు ఆమె పట్టకూడదు. మొగుడు సముద్రంలో పోయాక ఆమె బతుకంతా ఆ తాడే.

గంగులు గడపలో నిలబడి అరిచాను. "తాడు పట్టిన ప్రతి చెయ్యికీ వాటా అని కోర్టులో ప్రమాణం చేసి చెప్పారు కదా!" అన్నాను. "ఆచారం సెప్పీది నాను. నువ్వు బడి సూసుకో" అన్నాడు. బలవంతుడి చేతిలో కర్ర. మీ మాటే. అది నిజమైనందుకు మీ మీద మళ్లీ కోపం వచ్చింది.

నిన్న పొద్దున వల వేశారు. గున్నమ్మ చీర బిగించి వచ్చి తాడు పట్టుకుంది. నేనూ ఆమె పక్కన పట్టుకున్నాను. "ఒసే గున్నీ, తాడొగ్గీ" అని గంగులు కేకేశాడు. ఆమె వదల్లేదు. మా వైపు వాళ్లందరూ ఒక్కసారిగా తాడు వదిలేశారు. నాన్నా, సముద్రం ఎంత బరువో నాకు అప్పుడు తెలిసింది. ఇద్దరం ఇసుకలో ఈడ్చుకుపోతున్నాం. నా అరచేతులు చీరుకుపోయాయి. వల సొంతదారు నూకయ్య నెత్తి బాదుకున్నాడు. "వల పోతాదిరా! మీ పంతాలు మండిపోను, పట్టండిరా!" అన్నాడు. ఒకడు వచ్చాడు. తర్వాత అందరూ వచ్చారు. ఆమె పట్టిన తాడే పట్టుకుని లాగారు.

చేపలు ఒడ్డున పడ్డాక గంగులు కుప్పలు పెట్టాడు. నా ముందు ఒక కుప్ప పెట్టి, గున్నమ్మను దాటి పోయాడు. అందరూ ఎటో చూస్తున్నారు. నాకు ఏడుపొచ్చింది. గున్నమ్మ ఏడవలేదు, తిట్టలేదు, బతిమాలలేదు. తిన్నగా వల దగ్గరకు వెళ్లి, అందరికీ వచ్చినంతే, పిసరు కూడా ఎక్కువ కాకుండా, తన బుట్టలోకి తోడుకుంది. "నీకెవులిచ్చినారే?" అన్నాడు గంగులు. సరిగ్గా మీరు కోర్టులో అడిగిన ప్రశ్న. ఆమె రెండు అరచేతులూ అతని మొహం ముందు చాచింది. తోలు లేచిపోయి నెత్తురోడుతున్నాయి. "ఎవులివ్వాలేటి మావా? సూడు" అంది. బుట్ట నెత్తిన పెట్టుకుని వెళ్లిపోయింది. ఒక్క చెయ్యీ అడ్డం రాలేదు.

వెలి ఇంకా తీయలేదు. బావి దగ్గర ఇవాళ కూడా ఆమెతో ఎవరూ మాట్లాడలేదు. దాని మీద గున్నమ్మ కోర్టుకెక్కుతానంటోంది, ప్లీడరు కావాలి. మీరు రండి. గంగులు ముందు నిలబడి, ఆ ఉపన్యాసం మళ్లీ చెప్పండి, ఈసారి చప్పట్లు ఉండవు. రాలేనంటే ఆ ఉపన్యాసం ఇంకెక్కడా చెప్పకండి, నేను కూతుర్నని కూడా చెప్పకండి.

నా వాటాకు వచ్చిన నెత్తళ్లు ఎండబెట్టి రైల్లో పంపిస్తాను. అమ్మను వంకాయ వేసి వండమనండి. ఇది కౌలు కాదు, మర్యాద కూడా కాదు, నా చేతులు కోసుకుని తెచ్చుకున్నది. తినేటప్పుడు, ఎవరిచ్చారమ్మా అని మాత్రం అడక్కండి.

మీ అమ్మ పేరు పెట్టుకున్న,
దాలమ్మ