నీలం పట్టా

కొత్తపట్నం,
ఫిబ్రవరి 2006.

ప్రియమైన అన్నయ్యకు,

‘ప్రియమైన’ అన్నది చేతి అలవాటు కొద్దీ పడింది. కొట్టేద్దామనుకుని, కాగితం పాడవుతుందని వదిలేశాను. ఫోన్ చేస్తే వదిన ఎత్తి, నా గొంతు వినగానే పెట్టేస్తోంది. అందుకే ఉత్తరం. నువ్వొక్కడివే చదువుకుంటే మంచిది. వదిన చదివినా నాకేం భయం లేదు.

భవ్య కూతుర్ని ఉయ్యాలలో వేసిన రోజు నేను వట్టి చేతులతో వచ్చానని కదా మీ అందరి కోపం. వెండి గిన్నె తెచ్చాను, పసిదానికి గౌను తెచ్చాను. అవి ఎవరికి కావాలి? కొత్తపట్నం మేనత్త వస్తోందంటే బాలింతకి ఎండు సొరచేప ముక్కలు, మెత్తళ్ళ మూట రావాలి. సొర తింటే పాలు పడతాయని అమ్మ నాటి నుంచీ ఉన్న మాటే. మన చుట్టాల్లో ఏ ఆడపిల్ల పురిటికొచ్చినా ఇన్నేళ్ళూ పంపింది నేనే. అలాంటిది సొంత మేనకోడలి పురిటికి తేలేదు. ఏదీ మూట అని వదిన అడిగింది. “తర్వాత చెప్తాను వదినా” అన్నాను. పేరంటాళ్ళ ముందు ఆ సంగతి ఎత్తితే బాలింత బెదిరిపోతుందని ఆగాను. వదిన ఆగలేదు. “కడుపు పండని మనిషికి పసిదాని పాల సంగతి ఏం తెలుస్తుందిలే” అంది. ఉయ్యాల చుట్టూ ఉన్న ఆడవాళ్ళందరూ నా మొహం వంకే చూశారు. నువ్వు గుమ్మంలోనే ఉన్నావు. విన్నావు. తువ్వాలు ఈ భుజం మీంచి ఆ భుజం మీదికి మార్చుకుని వాకిట్లోకి వెళ్ళిపోయావు. వదిన నోరు నాకు కొత్త కాదు. నువ్వు నోరు మూసుకోవడమే కొత్త. ఒంగోలు బస్టాండు దాకా ఏడుస్తూనే ఉన్నాను.

ఇప్పుడు చెప్తాను, ఎందుకు తేలేదో. నేను రొయ్యపిల్లల హేచరీలో మైక్రోస్కోపు ముందు కూర్చుంటానని నీకు తెలుసు. పురుగులు లెక్కపెట్టే ఉద్యోగం అని వెక్కిరించేవాడివి కూడా. సముద్రంలో ఆ కంటికానని పురుగులే అందరికీ తిండి. వాటిని మెత్తళ్ళు తింటాయి, మెత్తళ్ళని సొర తింటుంది, సొరని మనం తింటాం. ఈ చలికాలం మా పడవవాళ్ళు గుండ్లకమ్మ సముద్రంలో కలిసే మొగ దగ్గర ముంచి తెచ్చిన నీళ్ళు చూస్తుంటే, పురుగు కడుపులో నీలం పోగు కనిపించింది. అద్దం మీద మురికనుకుని తుడిచాను. పోలేదు. ఇంకో పురుగులోనూ ఉంది. బయటికి తీసి కాల్చిన సూది ఆనిస్తే ముడుచుకుని కరిగింది. నూలు అలా కరగదు, ప్లాస్టిక్కే కరుగుతుంది. ఆ తర్వాత పడవల దగ్గరికి వెళ్ళి భవ్య కోసమని చెప్పి ఉంచిన సొరని కోయించాను. దాని కడుపులో మెత్తళ్ళు. మెత్తళ్ళ కడుపులో నీలం.

ఆ పోగు ఏం చేస్తుందంటావా? పురుగు దాన్ని మేత అనుకుని మింగుతుంది. కడుపు నిండినట్టే ఉంటుంది కాబట్టి అసలు మేత మానేస్తుంది. ఆకలి తెలియకుండానే చిక్కి చస్తుంది, చావకపోతే గుడ్లు పెట్టడం తగ్గిస్తుంది. పురుగు తగ్గితే మెత్తళ్ళు తగ్గుతాయి, పైన ఉన్నవాటి గతి చెప్పక్కర్లేదు. పైగా ప్లాస్టిక్కుకి మందుని పట్టుకునే గుణం ఉంది. మీరు మిరపకాయ మీద కొట్టే ఎండోసల్ఫాన్ వాన నీళ్ళలో కొట్టుకొచ్చి ఆ ముక్కలకి అంటుకుంటుంది. అది తల్లి పాలల్లోకి వస్తుందో రాదో నాకు తెలియదు. అడిగిన చోటల్లా వాళ్ళకీ తెలియదన్నారు. తెలియనిదాన్ని బాలింత కంచంలో ఎలా పెట్టమంటావు? కడుపు పండకపోయినా ఆ మాత్రం బుద్ధి పండింది నాకు.

ఆ నీలం నేనెరుగుదును. మన కల్లంలో కాయలారబోసే ప్లాస్టిక్ పట్టా నీలం అది. రెండు ఎండాకాలాలు చూసేసరికి అప్పడంలా పొడి పొడి అవుతుంది. “మన్నైపోయిందిలే” అంటావు. ఊడ్పించి గుండ్లకమ్మ గట్టు మీద పోయిస్తావు. వరదొస్తే గట్టు శుభ్రం, నీ మనసూ శుభ్రం. అది మన్ను కాలేదు అన్నయ్యా. చిన్నదైంది, అంతే. చిన్నదైంది కాబట్టే పురుగు నోట్లో పట్టింది. ఊళ్ళో నలుగురూ నీ మాట వింటారు. నువ్వు మానేస్తే వాళ్ళూ మానేస్తారు. నీ కల్లంలో ఆ పట్టా ఉన్నన్నాళ్ళూ నేను నీ గుమ్మం తొక్కను. రేపు నువ్వు పోయావని కబురొచ్చినా రాను.

ఇంకా నీ చెల్లెలే,
శేషారత్నం

*

అద్దంకి దగ్గర, మన ఊరు.
మార్చి నెల.

ఏమే రత్నం,

నీ ఉత్తరం నా చేతికి రాకముందే మీ వదిన చదివింది. వాకిట్లో నిలబడి, కాయలు ఏరే కూలోళ్ళందరికీ వినపడేలా చదివింది. నేను పోయినా రావని రాశావు. రావద్దులే. మోయడానికి నలుగురు దొరక్కపోరు.

గుండ్లకమ్మ పొడుగునా ఎన్ని ఊళ్ళున్నాయో, ఎన్ని కల్లాలున్నాయో నీకు తెలియదా? నీలం పట్టా లేని కల్లం ఒక్కటి చూపించు. నీ పురుగు మింగిన పోగు మీద అంకమ్మరావు అని రాసుందా? మన నాన్న పేడతో అలికిన నేల మీదే ఆరబోశాడు. నేనూ అంతే. నేల మీద ఆరిస్తే బూజు పడుతోంది, మట్టి అంటుతోంది, పై దేశాల వాళ్ళు కొనరు అని మీటింగులు పెట్టి చెప్పింది నీలాగా చదువుకున్నోళ్ళే. ఇప్పుడు నేల మీద కాయ గుంటూరు యార్డుకి తీసుకెళ్తే తాలు కింద కట్టి ధర కోస్తారు. వాళ్ళు పరవమంటే పరిచాను, నువ్వు తియ్యమంటే తియ్యాలి. మధ్యలో నేనేమన్నా గంగిరెద్దునా తల ఊపడానికి?

మీ పడవల వలలు నూలుతో నేస్తున్నారా? మీ హేచరీ మేత గోనె సంచుల్లో వస్తోందా? రొయ్యల చెరువు గట్ల మీద మీ పైపులు, మీ తాళ్ళు నేను చూడలేదనుకున్నావా? గురివింద తన నలుపు ఎరగదంట.

మీ వదిన అన్నది తప్పే. ఆ మాట ఆ రోజు రాత్రి దానికీ చెప్పాను. నలుగురిలో చెప్పలేదు, నిజమే. ఆడవాళ్ళ మధ్య మాట, సద్దుమణుగుతుందిలే అనుకున్నా. దానికి నన్ను సముద్రం దాకా ఈడ్చావు. నీ ఉత్తరం విన్నాక భవ్య కంచంలో మెత్తళ్ళు పక్కకి నెట్టింది. నువ్వు తేలేదని మీ వదిన సంతలో కొనుక్కొచ్చి వండిన మెత్తళ్ళవి. ఇప్పుడు తల్లీకూతుళ్ళకి మాటల్లేవు. చల్లగా ఉందా నీ కడుపు?

పట్టా తీసెయ్యమన్నావు. తీసి ఎక్కడెయ్యను? ఏట్లో వేస్తే నీ పురుగులు చస్తాయి. తగలబెడదామంటే ఇంట్లో పసిగుడ్డుంది, ఆ పొగ కమురు. పొలంలో పూడిస్తే దున్నినప్పుడల్లా నాగలికి తగులుకుంటుంది, వానకి మళ్ళీ ఏట్లోకే. చదువుకున్నదానివి, నువ్వే చెప్పు. చెప్పేదాకా ఆగను కూడా. మాబు తన మినీ లారీలో కాయలేసుకుని ఒంగోలు వస్తున్నాడు, నీ ఇంటి దాకా వెళ్ళి రమ్మన్నాను. కల్లంలో చినిగిన పట్టాలు, చీకిపోయిన యూరియా సంచులు, గట్టు మీద పోసిన పొడి, అన్నీ ఎత్తించి గోనెల్లో కట్టించాను. ఏరు మోసుకొచ్చేదాన్ని ఈసారి నేనే మోయించి పంపుతున్నా. సముద్రం నీది, పురుగులు నీవి. ఏం చేసుకుంటావో చేసుకో.

అంకమ్మరావు

*

కొత్తపట్నం,
ఉగాది వెళ్ళాక.

అన్నయ్యకు,

మాబు గోనెలు మా వాకిట్లో దింపి, టీ కూడా తాగకుండా వెళ్ళిపోయాడు. “అమ్మా, మీ అన్నాచెల్లెళ్ళ మధ్య నేను నలగలేను” అన్నాడు. మంచివాడు.

మా వాకిట్లో నిలబడితే అలలు కనిపిస్తాయి. గుండ్లకమ్మ ఏడాది పొడుగునా చేసే పని మా గాలి ఒక్క పూటలో చేస్తుందని నీకు తెలిసి పంపావో, తెలియక పంపావో. ఒక గోనె మూతి ఊడింది. పొడి లేచింది. కొంగు అడ్డం పెట్టి, నీళ్ళు చిలకరించి, వంగి వంగి ఊడ్చాను. పక్కింటివాళ్ళు గోడ మీంచి చూసి నవ్వారు. నీ కల్లం పొడి కోసం నేను ఇసకలో మోకాళ్ళ మీద పాకాను. ఈ మాట వదినకి చదివి వినిపించు, ఆవిడ ప్రాణం కుదుటపడుతుంది.

మీ బావ చెత్తకుప్పలో వేయిద్దామన్నారు. మా చెత్తకుప్ప ఎక్కడుందో తెలుసా? ఇసక దిబ్బల వెనక, సముద్రానికి ఇంకా దగ్గర. పాత సామాన్లు కొనే ఖాజావలిని పిలిచాను. గట్టి ముక్కలు ఏరుకున్నాడు, పొడి ముట్టుకోలేదు. “ఇది దేనికీ పనికిరాదమ్మా, ఎవరూ తీసుకోరు” అన్నాడు. దీన్నేం చెయ్యాలో హేచరీలో అడిగాను. మా తాళ్ళూ, మేత సంచులూ ఎక్కడికి పోతున్నాయో కూడా ఆ నోటితోనే అడిగాను. మేనేజరు మొహం చూడాలి నువ్వు. నా ఉద్యోగం ఎన్నాళ్ళుంటుందో చూద్దాం. గురివింద సామెత బాగానే గుచ్చుకుంది.

ఎక్కడెయ్యను అని అడిగావు. దానికి నా దగ్గర జవాబు లేదు. జవాబు లేదు కాబట్టి నువ్వు పరవడం మానెయ్యనక్కర్లేదని మాత్రం అనుకోకు. నలుగురిలో పడిన నీ మాటా, నా మాటా చల్లారతాయి. ఈ పొడి మాత్రం పోదు. భవ్యకి మెంతికూర, వెల్లుల్లి పెట్టమను. చేప కావాలంటే పసిది పాలు మానేదాకా ఆగమను.

మా ఇంట్లో గాలి చొరబడని గది ఒక్కటే ఉంది. ఇల్లు కట్టేటప్పుడు మీ బావ దూలానికి ఉయ్యాల కొక్కేలు దగ్గరుండి వేయించిన గది. నువ్వే నిచ్చెన పట్టుకున్నావు, గుర్తుందా? ఇన్నేళ్ళూ ఆ కొక్కేలకి ఏమీ కట్టలేదు, ఆ కిటికీ తెరిచి చూసిందీ లేదు. నీ గోనెలన్నీ ఒక్కొక్కటే ఈడ్చుకెళ్ళి అందులో పెట్టాను. తలుపు సందుల్లో గుడ్డలు కుక్కి తాళం వేశాను. ఇంకో గది లేదు. వచ్చే ఏడు కొత్త పట్టా కొనేటప్పుడు ఆ సంగతి గుర్తుపెట్టుకో.

వదినకి నా మాటగా చెప్పు. రత్నం ఇంట్లో ఉయ్యాల గది ఇప్పుడు ఖాళీగా లేదు.

నీ చెల్లెలు,
శేషారత్నం