రామప్ప నొప్పికీ నా నొప్పికీ ఒకే కోడ్

పెనుకొండలోని ఆరోగ్య బీమా ఫిర్యాదుల విచారణాధికారి గారి సముఖమునకు,
ధర్మవరం చేనేత కార్మికుడు బసవరాజు పంపుకొను అర్జీ.

అయ్యా,

విషయం: వెన్నులో డిస్కు అరిగి నరం నొక్కుకొనిపోయిన నాకు ఉత్త నడుము నొప్పి కోడ్ వేసి ఆపరేషన్ తిరస్కరించుట – అదే కోడ్ మా పక్కింటి రామప్పకూ వేయుట – ఇందులో ఏదో ఉన్నదని నాకు గల గట్టి అనుమానం – గురించి.

1. నేను చిన్నతనం నుండి గుంట మగ్గం మీద పట్టుచీరలు నేయువాడను. గుంటలోకి కాళ్లు దించి, ముందుకు వంగి, పొద్దస్తమానం కూర్చొనుట మా పని. కొంతకాలంగా నా కుడికాలు తిమ్మిరెక్కి, తొక్కుడు చెక్క మీద ఉన్నదో లేదో కంటితో చూసుకుంటే గానీ తెలియుట లేదు. హిందూపురంలో ఒక ఎముకల ఆసుపత్రిలో స్కానింగ్ తీసినారు. డిస్కు అరిగి నరం మీదికి వచ్చిందని, ఆలస్యం చేస్తే కాలు పడిపోతుందని పెద్ద డాక్టరు గారు నోటితో చెప్పినారు. నోటితో చెప్పినది కంప్యూటరులోకి పోలేదు. అందులో జబ్బు కోడ్ ఎం 54.5 అని ఉన్నది. అనగా ఉత్త నడుము నొప్పి. నా జబ్బుకు ఎం 51.1 వేయవలెనని మొబైల్‌లో వెతికించి తెలుసుకొంటిని. నొప్పి కోడ్‌కు మాత్రలు ఇస్తారట, ఆపరేషన్ ఇవ్వరట. బీమా వారు ఆ నంబరు చూసి నన్ను తిప్పి పంపినారు.

2. కోడ్ వేసిన పవిత్ర అను ఆమెను ఆసుపత్రి కౌంటరు వద్ద నిలదీసితిని. "అన్నా, డాక్టరు చీటీలో నడుము నొప్పి అనే రాసినాడు. ఏదో ఒక కోడ్ కొట్టకుంటే స్క్రీను ముందుకు పోదు. లిస్టులో పైన ఏది వస్తే అది కొడతాండాం. నేనేం చేసేది?" అని జవాబు. మాట్లాడినంతసేపూ ఆమె నా ముఖం చూడలేదు. ముఖం చూడనివారిని నేను నమ్మను. ఆమె స్క్రీను చూస్తున్నదని నా భార్య అంటుంది. నా భార్య అందరినీ నమ్ముతుంది.

3. అసలు సంగతికి వచ్చుచున్నాను. రామప్ప కూడా నేతగాడే. అదే ఆసుపత్రి, అదే కోడ్, అదే తిరస్కారం. బీమా వారి మనిషి ఫోనులో "మీ వీధిలో అందరికీ ఒకే నొప్పి ఎట్లొస్తాది?" అని వెటకారంగా అడిగినాడు. ఆ ప్రశ్న న్యాయమైనదే. నాకూ అదే సందేహం. రామప్ప పుట్టిన ఊరు గోరంట్ల. పవిత్రదీ గోరంట్లేనని వినికిడి. ఇంతకన్నా ఏం కావాలి?

ఆయన నొప్పి నాటకమని నా అభిప్రాయం. వినాయకుని ఊరేగింపులో తాళం వేస్తూ చివరి దాకా నడిచినాడు. ధర్మవరం నుండి పెనుకొండకు ఇద్దరం బస్సులో వచ్చినప్పుడు ఒక్క సీటే దొరికితే, "నువ్వు కూచో బసవా, నాకు నిలబడేదే సుకం" అని దారి పొడవునా కమ్మీ పట్టుకొని నిలబడినాడు. నొప్పి ఉన్నవాడు సీటు వదులుకొనునా? ఇటువంటివారు మా నంబరు వాడుకొనుట వల్లనే నిజమైన రోగులను ఎవరూ నమ్ముట లేదు.

4. కావున నా స్కానింగ్ చూచి కోడ్ సరిచేయించవలెను. రామప్ప నొప్పి నిజమో కాదో తమరు స్వయంగా వచ్చి తేల్చవలెను. ముందుగా కబురు చేయవద్దు, చేస్తే ఆయన కుంటును.

అయ్యా, ఆఫీసు భాష నాకు ఇంతవరకే వచ్చును. నాకు భయంగా ఉన్నది. కాలు పోతే మగ్గం ఎవరు తొక్కాలి? వేరే పని నాకు చేతకాదు.

పై సంగతులన్నీ విచారించి, అవసరమైతే నన్ను కూడా అనుమానించి, ఆపైన చిత్తగించవలెను.

తమరిని తప్ప అందరినీ శంకించుచున్న
తమ విధేయుడు,
బసవరాజు

తా.క.: కవరు అంటించబోతుంటే రామప్ప భార్య కొండమ్మ కేక వేసింది. "బసవన్నా, తొందరగా రాప్పా! ఈయప్ప గుంటలోనుంచి లేయలేకుండాడు!" పరుగెత్తాను. ఇద్దరం చంకల కింద చేతులు వేసి పైకి లాగి, చాప మీద పడుకోబెట్టాము. అయ్యా, నిజం రాస్తున్నాను, అప్పుడు కూడా నేను నమ్మలేదు. కొండమ్మ నీళ్లకు లోపలికి పోగానే ఆయన పిక్క పట్టుకుని గట్టిగా గిల్లాను.

ఆయన పైకప్పు వైపు చూస్తూ, "ఏమప్పా బసవా, పెనుకొండకు అర్జీ రాస్తాండావంట గదా. దాంట్లో నా పేరు కూడా ఒక మాట రాస్తావా?" అని అడుగుతున్నాడు. నేను ఇంకా గిల్లుతూనే ఉన్నాను. ఆయనకు తెలియలేదు. గోళ్లు దిగి ఎర్రగా గుర్తులు పడ్డాయి.

కాబట్టి మూడవ అంశం మొత్తం, నాలుగవ దానిలో ఆయన గురించిన కోరిక కొట్టివేయండి. తిరిగి రాసే ఓపిక లేదు. ఇంటికి వచ్చి నా కాలు కూడా గిల్లి చూసుకున్నాను. కొంచెం తెలుస్తోంది. కొండమ్మను అడిగి తీసుకున్న రామప్ప స్కానింగ్ కూడా ఈ కవరులోనే పెట్టాను. ముందు ఆయనది చూడండి.