పోస్టర్ మీద ఇంటిపేరు

మెక్సికో సిటీ,
1967 మార్చి 4

తమ్ముడు ఎవరిస్తోకి,

నీ ఉత్తరం అందింది. "దయ్యాల సినిమాల్లో తన్నులు తినేవాడు నా అన్న అని తెలిస్తే ప్యూబ్లా ఎన్నికల్లో నాకు ఓట్లు రాలవు, పోస్టర్ల మీద మన ఇంటిపేరు తీసేయించు" అన్నావు. తీయించను.

కిందటేడు అమ్మ ఇక్కడికి వచ్చినప్పుడు నా సినిమాకి తీసుకెళ్లాను. అందులో నేను రక్తపిశాచి నౌకరుని. హీరో అయిన ముసుగు మల్లయోధుడు నన్ను ఎత్తి కుదేసేసరికి అమ్మ సీట్లోంచి లేచి, "ఒరే ముసుగోడా, వదలరా వాణ్ణి! వాడు నా కొడుకు!" అని అరిచింది. హాలంతా గొల్లున నవ్వింది. నేను సిగ్గుతో చచ్చిపోయి చెయ్యి పట్టి లాగినా ఆవిడ కూర్చోలేదు. జనం వైపు తిరిగి, "నవ్వుతారేం? అంత బాగా పడటం మీలో ఒక్కడికైనా వచ్చా?" అంది. ఎవరో చప్పట్లు కొట్టారు. తర్వాత అందరూ కొట్టారు. ఇరవై రెండేళ్లుగా తెరమీద చస్తున్నాను, నాకోసం చప్పట్లు వినడం అదే మొదలు.

నిన్న నిర్మాతను కలిశాను. ఇకమీదట నా పేరులో ఉర్కీది అన్న మన ఇంటిపేరు పక్కన అమ్మ పుట్టింటిపేరు సాల్దీవార్ కూడా పెద్దక్షరాల్లో వేయమన్నాను. ఒప్పుకున్నాడు.

నీకు మరీ నామోషీగా ఉంటే నీ పేరే మార్చుకో.

అన్నయ్య