యెన్‌జి వేలితో చేసిన చిల్లు

యెన్‌జి నాన్నకి, షియాన్‌లో అక్క దగ్గర క్షేమం, రెండు పూటలా తింటున్నాను.

నిన్న అక్క మట్టి సైనికుల బొమ్మలు చూడ్డానికి బస్సెక్కుదామంది. నాకు బస్సు పడదు కదా, దగ్గర్లో బాన్‌పో అని తవ్వి తీసిన పాతకాలపు ఊరుంది, అదే చాలన్నాను. "పాత కుండలు మీ ఇంట్లో లేవటే!" అని వెక్కిరించింది.

వేల ఏళ్ళ కిందట అక్కడ చనిపోయిన పిల్లల్ని కుండలో పెట్టి ఇంటి పక్కనే పూడ్చేవారట. మూతకి చిన్న చిల్లు. "ప్రాణం వచ్చిపోవాలి కదక్కా" అంది చూపించే అమ్మాయి. పసిదానికి పెద్దల సమాధుల్లో చోటు లేదని మన యెన్‌జిని కొండవాలులో ఒంటరిగా పూడ్చి వచ్చేశాం. అక్కడే ఏడ్చేశాను, గుండె తేలికైంది.

పందిపిల్ల తింటోందా? అత్తయ్యకి దణ్ణాలు. పండక్కి కిటికీ గళ్ళకి కొత్త కాగితం అంటించేటప్పుడు, యెన్‌జి వేలితో పొడిచిన చిల్లు మాత్రం మూయకండి. చలిగాలి వస్తే రానివ్వండి. మీరు చల్లగా ఉండాలి.

యెన్‌జి అమ్మ