ఎర్రచేను మళ్లీ మనదైంది

అన్నా,

బాగున్నావా అని అడగడం అలవాటు కొద్దీ వస్తోంది. నువ్వు పోయి నాలుగేళ్లు నిండాయి. ఈలోగా మన కంబదూరు మండలమైంది, ఆఫీసు దగ్గరికొచ్చింది, నా మీసం కూడా నీ మీసంలాగే నెరిసింది. వదిన బాగుంది. నన్ను తిట్టడం మానలేదు.

ముందు అసలు సంగతి చెప్పేస్తాను. ఎర్రచేను తిరిగి వచ్చింది. విత్తనాల క్షేత్రం పెడతామని గవర్నమెంటు తీసుకుని, ఒక్క గింజ వేయకుండా వదిలేసిన మన చేను... మనదొక్కటే కాదు, ఆ వరసలో చేలు పోయిన వాళ్లందరివీ. విడుదల చేస్తున్నామని ఉత్తర్వు మొన్న సోమవారం వచ్చింది.

నీకు నమ్మబుద్ధి కావడం లేదు కదూ? నాకూ అంతే. గట్టు మీద కూర్చుంటే ఎండలో దూరమంతా నీళ్లలా కదులుతోంది. మేఘాల నీడలు ఊరి వైపు నుంచి వచ్చి, చేను దాటి, ఎక్కడా ఆగకుండా వెళ్లిపోతున్నాయి. ఇది నిజంగా మనదేనా అని మట్టి తీసి వాసన చూశాను. మనదే.

నువ్వున్నప్పుడు తనిఖీకి జీపులో వచ్చిన సారు గుర్తున్నాడా? భూమిని వాడకుండా పడేశారు, మాకు ఇచ్చేయండి అని మనం అర్జీ పెట్టాం. అది నిజమో కాదో చూడ్డానికే ఆయన వస్తున్నాడు. నువ్వేం చేశావు? అందరినీ పోగేసి, ముళ్లకంప కొట్టించి, రాళ్లు ఏరించి, గుంటక తోలి నేల చదును చేయించావు. "పెద్దమనిషి మన చేను సూడనీకి వస్తాండాడు. బీడు సూపిచ్చి నాయన మానం తీస్తామారా?" అన్నావు. వద్దనాలని మాలో ఒక్కరికీ తోచలేదు. చుట్టం వస్తుంటే ఇల్లు అలికినట్టు ఆనందంగా చేశాం. సారు వచ్చేసరికి చేలో పుల్ల లేదు. భూమిని చదును చేసి సిద్ధంగా ఉంచారు, క్షేత్రానికి పనికొస్తుంది అని రాసేశాడు. అర్జీ కొట్టేశారు.

ఆ కబురు విని నువ్వు నవ్వావు. "చేను బాగుండాదనే కదప్పా రాసినాడు, దాంట్లో అబద్దం ఏముండాది?" అన్నావు. ఆ నవ్వు ఎట్లా వచ్చిందన్నా నీకు? ఆ తర్వాత నువ్వు గట్టు దాకా వెళ్లడం, లోపల కాలు పెట్టకుండా నిలబడి తిరిగి రావడం నేను చూస్తూనే ఉన్నాను. మరుసటి ఏడు అట్లాగే వెళ్లిపోయావు...

మళ్లీ అర్జీ పెట్టాం. ఈసారి చేలో ఎవరూ చెయ్యి పెట్టకూడదని నేను గట్టిగా చెప్పాను. చెప్పడం సులభం. కంప మొలిచినప్పుడు చిటికెన వేలంతే ఉంటుంది, పీకేస్తే పోతుంది. పీకలేదు. అది నా నడుము దాటింది, తల దాటింది. లోపల నాయన వేసిన గట్లు కనపడకుండా పోయాయి. చేతులు కట్టుకుని కూర్చోవడం ఇంత కష్టమైన సేద్యమని నాకు తెలియదు. వదిన కొడవలి తీసుకుని బయల్దేరితే అడ్డం పడ్డాను. రెండు రోజులు నాకు ముద్ద పెట్టలేదు.

కొత్త సారు వచ్చాడు. లోపలికి నాలుగడుగులు వేసేసరికి చెప్పులో ముల్లు దిగింది. అక్కడే నిలబడి, భూమి నిరుపయోగం అంటూ రాసుకున్నాడు. అందరూ సంతోషపడ్డారు. నాకు మాత్రం తల ఎత్తబుద్ధి కాలేదు. మన చేనును పట్టుకుని ఆ మాట అంటుంటే, ఔను సార్, ఔను సార్ అన్నాను.

గెలిచాం అన్నా. కానీ నువ్వుంటే ఇట్లా గెలవనిచ్చేవాడివా?

ఈ మధ్య మధ్యాహ్నం కునుకు పడితే చాలు, నువ్వు వస్తున్నావు. తెల్లటి పైపంచె వేసుకుని, రాళ్ల దారిలో మెల్లగా నడిచి, చేను వైపు తిరుగుతావు. ముందు ఇంటికి పద, కాస్త మజ్జిగ తాగుదువు అంటూ నేను ఎదురొచ్చి నిలబడతాను. నా భుజం మీదుగా నువ్వు అటే చూస్తుంటావు. కళ్లు తెరిస్తే ఎండ, గాలి, అంతే.

రేపటి నుంచి కంప కొట్టడం మొదలుపెడుతున్నాం. వేళ్లు లోతుకు దిగాయి, ఈ ఏటి వానకు అయ్యే పని కాదు. వచ్చే ఏడు వేరుసెనగ వేస్తాను, మాట ఇస్తున్నాను. నిన్ను రావద్దనడానికి నాకు నోరు రాదు. నువ్వు లేక ఎంత బెంగగా ఉందో నాకే తెలుసు. అయినా నాగలి సాలు పడేదాకా ఇటు రాకన్నా. మన చేనును ఇట్లా చూడకు.

నీ తమ్ముడు