బోణీ చెయ్యి

నాన్నా, నేనే. నీ సంవత్సరీకం అయి వారం దాటింది.

ఏడాది పాటు ఇల్లు కదలకూడదన్నారు. కదల్లేదు. ఇక హైదరాబాదు వెళ్తానన్నాను. ఉద్యోగం వచ్చింది నాన్నా... సోమవారం చేరాలి. అమ్మ కాదనలేదు. మరి బోణీ ఎవరు చేస్తారని మాత్రం అడిగింది.

అంతా నీవల్లే. బడికి వెళ్ళే పిల్లని పొద్దున్నే మన గోతాల కొట్లో నిలబెట్టి, మొదటి బేరం నా చేత ఇప్పించేవాడివి. "మా తల్లి చెయ్యి చానా మంచిది. అది తాకిందా, ఇంక ఆ రోజుకి ఢోకా లేదు" అని వచ్చినవాళ్ళందరికీ చెప్పేవాడివి. నేనూ పొంగిపోయేదాన్ని. ఇప్పుడు నరసరావుపేటలో సగం బజారు అదే నమ్ముతోంది. నాదెండ్ల నుంచి వచ్చిన మిరప రైతులు, నేను స్నానం చేసి వచ్చేదాకా బెంచీ మీద కూర్చుంటున్నారు. జ్వరమొచ్చిన రోజు అమ్మ గోతాన్ని మంచం దగ్గరికే తెచ్చి నా చేత తాకించుకుపోయింది. నవ్వొస్తోందా నీకు? నాకు ఒళ్ళు మండింది.

మొన్న తొలి బేరం కావాలనే ఎడమచేత్తో ఇచ్చాను. ఆ రోజు ఒక్క మనిషీ రాకూడదని మొక్కుకున్నాను కూడా. ఏమైందో తెలుసా... సాయంత్రానికి గోతాలన్నీ అమ్ముడైపోయాయి. అమ్మ నాకు దిష్టి తీసింది.

ఇంకెలా బయటపడను?

నువ్వే చెయ్యమ్మా అన్నాను. నువ్వున్నప్పుడు, నేను చదువుకని ఊళ్ళో లేని రోజుల్లో తనేగా చేసేది. అమ్మ తన చేతుల వంక చూసుకుంది. ఆ మంచి నీతోనే పోయిందట. ఇప్పుడు తను తాకితే కొట్టు మూతపడుతుందట. ఎవరూ అనలేదు నాన్నా, తనే అనుకుంటోంది. నా కోపమంతా ఎటు పోయిందో... పెట్టె సర్దడం ఆపేశాను. అమ్మని అలా వదిలేసి వెళ్తే నేనేం మనిషిని? వెళ్ళకపోతే నేనేమైపోవాలి?

ఒకటి అనుకున్నాను. రేపు పొద్దున గదికి గడియ పెట్టుకుని కూర్చుంటాను. ఎంత పిలిచినా రాను. గుమ్మంలో రైతు నిలబడితే అమ్మ ఎంతసేపని ఊరుకుంటుంది? ఇస్తుంది. కానీ రేపు బేరాల్లేకపోతే అమ్మ ఇక జన్మలో గోతాం ముట్టుకోదు. నేనూ కదల్లేను.

అందుకే ఈ ఉత్తరం. ఇన్నేళ్ళూ నా చెయ్యి మంచిదని ఊరంతా చాటావుగా... రేపొక్కరోజు అమ్మ చెయ్యీ మంచిదనిపించు నాన్నా. పెట్టె తెరిచే ఉంచాను.

నీ బోణీ పిల్ల,
వాణి